సెల్లార్ అర్రకు తాళం వద్దు, లైసెన్సు ఇయ్యండి

మెట్టుగూడ, లాలాగూడ, ఆలుగడ్డబావి, సీతాఫల్‌మండి, తార్నాక కిరాయిదారులారా! ఇంటి ఓనర్లారా! యూనివర్సిటీ తమ్ముళ్లారా, చెల్లెళ్లారా!

ఈ కాగితం మడిచి జేబులో పెట్టుకునే ముందు ఒక్కసారి కిందికి చూడండి. మీరు నిలబడ్డ చోట, మీ చెప్పుల కింద, ఎవరో బియ్యం కడుగుతూ ఉండొచ్చు. ఎవరో ట్యూబులైటు వేసుకుని గ్రూప్స్‌కు చదువుతూ ఉండొచ్చు. పగలు పదకొండింటికి కూడా ట్యూబులైటే. వాళ్లకు కిటికీ లేదు, ఉన్నా అందులోంచి కనిపించేది బండి చక్రాలే.

మెట్రో దిగి ఏ గల్లీలోకి తిరిగినా టులెట్ బోర్డులుంటాయి. వాటి మీద ‘సింగిల్ రూమ్’ అని ఉంటుంది, ‘బ్యాచిలర్స్’ అని ఉంటుంది. ‘సెల్లార్’ అని మాత్రం ఎవరూ రాయరు. ఫోన్ చేస్తే అవతలి గొంతు కాస్త తగ్గించి, ‘రూమ్ మంచిగనే ఉంటది తమ్మీ, జర కిందికుంటది’ అంటుంది. ఆ ‘జర కిందికి’ అనే మాట చాటున మన ప్రాంతంలో ఎంతమంది బతుకుతున్నారో లెక్క ఏ కార్యాలయంలోనూ లేదు. ఉండదు కూడా. ఎందుకంటే కాగితం మీద అక్కడ మనుషులు లేరు, బండ్లు మాత్రమే ఉన్నాయి.

2012 ఏప్రిల్ 7న వచ్చిన జీవో 168 భవన నిబంధనలు ఇవాళ్టికీ మన ఇళ్లకు ఆధారం. వాటి ప్రకారం సెల్లార్ అంటే పార్కింగ్. అందులో పది శాతం దాకా జనరేటర్‌కూ, ఏసీ ప్లాంటుకూ, కరెంటు సామాన్లకూ వాడుకోవచ్చు, మనిషి నివాసానికి మాత్రం వీల్లేదు. పార్కింగ్‌ను వేరే దేనికి వాడినా కూలగొట్టే, తీసేయించే అధికారం కార్పొరేషన్‌కు ఉంది. స్టిల్ట్‌లో వాచ్‌మన్‌కు చిన్న గదీ రెండు మరుగుదొడ్లూ కట్టుకోనిస్తారు, అంతే. నిబంధన పెట్టినవాళ్లను తప్పుపట్టం. గాలి లేని చోట, నీళ్లు నిలిచే చోట మనిషి పడుకోకూడదన్నది మంచి మాటే. కానీ పదేళ్లు దాటిపోయినా జనం అక్కడే పడుకుంటున్నారు. నిబంధన వాళ్లను బయటికి తేలేదు, కంటికి కనబడకుండా మాత్రం చేసింది.

ఈ అర్రలు ఎట్లా పుట్టాయో మన పాతవాళ్లకు తెలుసు. మనది చదునైన నేల కాదు. రాయి మీద, వాలు మీద కట్టిన ఊరు. రోడ్డు వైపు నుంచి చూస్తే రెండు మెట్లు దిగాల్సిన అర్ర, వెనక గల్లీ వైపు నుంచి చూస్తే నేల మట్టానికే ఉంటుంది. రైల్వేలో ముప్పై ఏళ్లు చేసి, రిటైరై, పీఎఫ్ డబ్బులతో ఇల్లు లేపిన పెద్దమనుషులు వాలును పూడ్చే బదులు కింద రెండు గోడలు కట్టి తలుపు పెట్టారు. 1893 నుంచి లాలాగూడ వర్క్‌షాపు ఉన్న చోట ఇట్లాంటి ఇళ్లు ఉండటంలో వింతేమీ లేదు. ఇటు ఉస్మానియా 1918 నాటిది, ఇఫ్లూ 1958 నాటిది. హాస్టల్‌లో సీటున్నోడి మంచం మీద సీటు లేనోడు నాన్ బోర్డర్‌గా సర్దుకునే రివాజు ఉస్మానియాలో ఎవరిని అడిగినా చెబుతారు. ఆ మంచం కూడా దొరకనివాడు, కోర్సు అయిపోయినా నోటిఫికేషన్ కోసం ఊరికి పోకుండా ఆగినవాడు మన గల్లీలకొస్తాడు. 2017 నవంబర్‌లో మెట్రో వచ్చాక హైటెక్ సిటీలో పనిచేసే పిల్లలు కూడా వచ్చారు. పై అంతస్తుల కిరాయిలు వాళ్లవైపు పోయాయి. చదువుకునేవాళ్లు, హోటల్లో పనిచేసేవాళ్లు, ఇళ్లల్లో వంటచేసే అక్కలు మెట్లు దిగారు.

నా సంగతి చెబుతాను. ఈ కరపత్రం రాస్తున్నవాళ్లలో నేనొకణ్ని, రెండేళ్లు అట్లాంటి అర్రలో ఉన్నాను. మొదటి నెల బాగానే ఉంది. ఎండాకాలం పైవాళ్లు ఉడికిపోతుంటే నాకు కూలర్ అక్కర్లేకపోయింది. వానాకాలం మొదలవగానే గోడ కింద నుంచి చెమ్మ పాకింది. ముందు అడుగు ఎత్తు, తర్వాత నడుం ఎత్తు. పుస్తకాలు బూజు పట్టాయి. చొక్కా ఎంత ఉతికినా మురుగు వాసన పోదు, మెట్రోలో పక్కనున్నవాడు జరిగి కూర్చుంటాడు. ఒక రాత్రి జోరు వాన. బాత్రూమ్‌లో మోరీ నీళ్లు కిందికి పోవాల్సింది పోయి వెనక్కి తన్నాయి. నల్లటి నీళ్లు. ప్లగ్గు బోర్డు గోడకు జానెడు ఎత్తులో ఉంది. చీకట్లో మెయిన్ ఎక్కడుందో నాకు తెలియదు, ఎవరూ చూపించలేదు. కుక్కరూ సర్టిఫికెట్ల ఫైలూ చేత పట్టుకుని మెట్లెక్కి, ఓనరమ్మ వాళ్ల వరండాలో తెల్లారేదాకా కూర్చున్నాను. ఆమె చెడ్డ మనిషి కాదు. ఛాయ్ పెట్టిచ్చింది. ఇచ్చి ఒక మాట అన్నది: ‘ఎవ్వరికీ చెప్పకు బిడ్డా. చెప్తే నీ అర్ర పోతది, నా కిరాయి పోతది.’

అసలు సమస్య ఆ మాటలోనే ఉంది. గోడ చెమ్మ గురించీ, మోరీ గురించీ, ప్లగ్గు బోర్డు గురించీ నేను ఎవరికి ఫిర్యాదు చెయ్యాలి? చేస్తే మోరీ బాగుపడదు, నాకు ఇల్లు పోతుంది. పైన మూడో అంతస్తులో ఉన్నవాడు నల్లా రాకపోతే గొడవ చెయ్యగలడు. కిందున్నవాడు చెయ్యలేడు. అతనికి పదకొండు నెలల అగ్రిమెంటు కూడా రాసివ్వరు, రాస్తే కాగితం సాక్ష్యమవుతుంది కదా. అగ్రిమెంటు లేకపోతే అడ్రస్ ప్రూఫ్ లేదు. అది లేకపోతే గ్యాస్ కనెక్షన్ కష్టం, ఓటు మార్చుకోవడం కష్టం. 1960 నాటి అద్దె నియంత్రణ చట్టం ఉంది కదా అంటారు లాయర్లు. 2005 సవరణలో కార్పొరేషన్ పరిధిలో నెలకు 3,500 రూపాయలు దాటిన ఇళ్లను దాన్నుంచి తప్పించారు. ఇవాళ ఆ డబ్బుకు మన దగ్గర మంచం దొరుకుతుందేమో, అర్ర దొరకదు. 2021 జూన్‌లో కేంద్రం నమూనా అద్దె చట్టం తెచ్చింది. నివాసానికి అడ్వాన్సు రెండు నెలల కిరాయికి మించకూడదని అందులో ఉంది. అది నమూనా మాత్రమే, రాష్ట్రం తన చట్టం తాను చేసుకుంటే తప్ప మన గల్లీ దాకా రాదు.

ఢిల్లీ మాట ఎత్తకుండా ఈ విషయం మాట్లాడలేం. 2024 జూలై 27 సాయంత్రం ఓల్డ్ రాజిందర్ నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్ బేస్‌మెంట్ లైబ్రరీలోకి వాన నీళ్లు దూకి ముగ్గురు విద్యార్థులు చనిపోయారు. వాళ్లలో ఒకరిది మన సింగరేణి ప్రాంతంలో ఉంటున్న కుటుంబం. ఆ బేస్‌మెంట్‌కు అనుమతి ఉన్నది సామాన్లు పెట్టుకోవడానికీ పార్కింగ్‌కూ. అక్కడ లైబ్రరీ నడుస్తోందని నెల ముందే ఒక విద్యార్థి ఫిర్యాదు పెట్టాడు. ఎవరూ రాలేదు. ముగ్గురు పోయాక అందరూ వచ్చారు, తాళాలతో వచ్చారు. ఆ వార్త టీవీలో చూసి మన గల్లీలో ఒక ఓనరు తన సెల్లార్ పిల్లల్ని ఆదివారం లోపు ఖాళీ చెయ్యమన్నాడు. నెల మధ్యలో. నలుగురు పిల్లలు, రెండు ట్రంకు పెట్టెలు, ఒక సిలిండరు. అడ్వాన్సు తర్వాత ఇస్తానన్నాడు. వాళ్లు ఎక్కడికి పోయారని అడగండి. ఇంకో గల్లీలో ఇంకో సెల్లార్‌కే పోయారు.

తాళం వేస్తే అర్ర ఖాళీ అవుతుంది, అవసరం ఎక్కడికీ పోదు.

ఇక్కడ మాలో మాకే గొడవైంది, దాచడం ఎందుకు. కొందరు ‘అన్ని సెల్లార్లనూ సక్రమం చెయ్యాలి’ అని రాద్దామన్నారు. మిగతావాళ్లం ఒప్పుకోలేదు. అపార్ట్‌మెంట్ కింద ఇరవై ఫ్లాట్ల బండ్లు పెట్టాల్సిన చోట బిల్డరో, ఇంకెవరో గోడలు కట్టి కిరాయికిస్తే అది ఇరవై ఇళ్ల సొత్తు కాజేయడమే. ఆ బండ్లన్నీ గల్లీలోకొచ్చి నిలబడితే రేపు అంబులెన్స్ లోపలికి రాదు. దానికి మేం వకాల్తా పుచ్చుకోం. చుట్టూ మట్టే ఉండి, పూర్తిగా నేల లోపలికి పోయిన అర్రకూ పుచ్చుకోం. అందులో మా తమ్ముడే ఉన్నా సరే, వాడు బయటికి రావాల్సిందే.

ఇంకో సంగతి. సెల్లార్ ప్రమాదం అంటే వరద ఒక్కటే గుర్తొస్తుంది మనకు. మన దగ్గర నిప్పు ఎక్కువమందిని చంపింది. 2022 సెప్టెంబర్ 12 రాత్రి సికింద్రాబాద్‌లో, ఇక్కడికి కూతవేటు దూరంలో, కింద ఎలక్ట్రిక్ స్కూటర్ల షోరూమ్ ఉన్న బిల్డింగులో మంటలు లేచాయి. పొగ మెట్ల దారిలో పైకి ఎగబాకి లాడ్జిలో ఉన్న ఎనిమిది మందిని పొట్టనపెట్టుకుంది. 2023 నవంబర్ 13న నాంపల్లి బజార్‌ఘాట్‌లో అపార్ట్‌మెంట్ కింది భాగంలో పేర్చిన రసాయనాల డ్రమ్ములు అంటుకుని తొమ్మిది మంది పోయారు. రెండు చోట్లా చనిపోయింది పైన ఉన్నవాళ్లు. అంటే పైన టైల్స్ వేసుకుని హాయిగా ఉన్న అన్నలూ, ఇది మీ గొడవ కాదనుకోకండి. మీ కింద మనిషి ఉన్నాడా, డ్రమ్ము ఉందా అన్నది మీ ప్రాణానికి సంబంధించిన ప్రశ్న. చదువుకునే పిల్లాడున్న అర్రా, డ్రమ్ములున్న గోదామూ కాగితం మీద ఒకటే తప్పు: ‘పార్కింగ్ దుర్వినియోగం’. మనకు కావాల్సింది ఆ రెంటినీ విడదీసే చట్టం.

అట్లాంటి చట్టం లోకంలో ఎక్కడా లేదని ఎవరైనా అంటే నవ్వొస్తుంది. మన గల్లీ నుంచి పోయిన పిల్లలే అక్కడ ఉంటున్నారు. కెనడాలో బ్రాంప్టన్‌కు చదువుకు పోయిన మనవాళ్లను అడగండి, సగం మంది ‘బేస్‌మెంట్‌లో ఉంటున్నా’ అంటారు. అక్కడ ఇంటి కింద వాటాను నగరపాలికలో నమోదు చేసుకునే పద్ధతి 2015 నుంచి ఉంది. తనిఖీలో నెగ్గితే అది సక్రమమైన ఇల్లు. నమోదు చేయించనివాళ్లు అక్కడా ఉన్నారు, అది వేరే కథ. న్యూయార్క్‌లో 2021 సెప్టెంబర్ 1న ఇడా తుపాను వానకు బేస్‌మెంట్ ఇళ్లల్లో పదకొండు మంది చనిపోయారు. ఆ తర్వాత మూడేళ్లకు, 2024లో, అక్కడి రాష్ట్రం కొన్ని ప్రాంతాల్లో ఈ ఇళ్లను బాగుచేయించి సక్రమం చేసే దారి తెరిచింది. వాళ్ల పాత అనుభవం నుంచి మనం నేర్చుకోవాల్సింది ఒకటుంది. 2019లో ఈస్ట్ న్యూయార్క్‌లో ఇట్లాంటిదే ఒక ప్రయోగం పెట్టారు. వందల మంది ఓనర్లు ముందుకొచ్చారు. నిబంధనలు, ఖర్చులు చూసి జారుకోగా చివరికి వేళ్ల మీద లెక్కబెట్టేన్ని ఇళ్లే మిగిలాయి. షరతులు ఆకాశంలో పెడితే పేద ఓనరు ఎక్కలేడు, మళ్లీ దొంగచాటు కిరాయికే పోతాడు.

అందుకే మేం అడిగేది చిన్నదే, అయినా గట్టిగా అడుగుతాం.

ముందు లెక్క తియ్యండి. లెక్కకొచ్చిన మనిషి చేతిలో నోటీసు ఉండకూడదు. ఏడాది పాటు, ఈ సర్వేలో తేలిన ఏ అర్ర మీదా చర్య ఉండదని రాతపూర్వకంగా చెప్పండి. అది లేకుండా ఎవరూ తలుపు తియ్యరు. మేమూ తియ్యం.

తర్వాత నియమావళిలో ‘సగం కింది నివాసం’ అని ఒక తరగతి పెట్టండి, విడి ఇళ్లకు మాత్రమే. కొలతలు కొత్తగా కనిపెట్టక్కర్లేదు. 2016 జాతీయ భవన నియమావళి తీసి చూడండి. నివాసపు గది 9.5 చదరపు మీటర్లకు, అంటే సుమారు నూరు చదరపు అడుగులకు, తగ్గకూడదు. ఎత్తు 2.75 మీటర్లు, అంటే తొమ్మిది అడుగులు. బేస్‌మెంట్ కప్పు చుట్టుపక్కల నేల కంటే కనీసం 0.9 మీటరు పైకి ఉండాలని కూడా అందులోనే ఉంది. ఆ మూడడుగుల్లో కిటికీ పెట్టొచ్చు. మనిషి దూరి బయటపడగలిగే కిటికీ, ఇనుప గ్రిల్ ఉంటే లోపలి నుంచి తెరుచుకునేది. తలుపు నేరుగా బయటికి తెరుచుకోవాలి, బండ్ల మధ్యలోంచి కాదు. మోరీ వెనక్కి తన్నకుండా నాన్ రిటర్న్ వాల్వు, షాక్ కొడితే కరెంటు తెంచే ఆర్‌సీసీబీ, నడుం ఎత్తుకు పైన ప్లగ్గులు. ఆ అర్ర పక్కన మీటర్ బోర్డులూ, ఇన్వర్టర్ బ్యాటరీలూ, స్కూటర్ చార్జింగూ ఉండకూడదు. వీటిలో వాల్వుకూ ఆర్‌సీసీబీకీ కలిపి అయ్యే ఖర్చు చాలామంది ఓనర్లకు ఒకట్రెండు నెలల కిరాయి దాటదు. కిటికీ తెరిపించడం పెద్ద పని, దానికి గడువు ఇవ్వండి.

ఇవన్నీ ఉన్న అర్రకు ఏటేటా లైసెన్సు ఇచ్చి తలుపు మీద అతికించండి. 75 గజాల లోపు స్థలంలో ఇల్లు కట్టుకుంటే ఒక్క రూపాయి రిజిస్ట్రేషన్‌తో సరిపెట్టింది 2020 నాటి టీఎస్ బీపాస్ చట్టం. ఓనరు మాట నమ్మి కొత్త ఇంటికి అంత సులువు చేసిన ప్రభుత్వం, ఉన్న అర్రను బాగుచేసుకుంటానన్న ఓనరును ఆఫీసుల చుట్టూ తిప్పకూడదు.

పనికిరాని అర్ర మూసెయ్యండి, కాదనం. ఆ నోటీసు మాత్రం ఓనరు పేరునే కాదు, లోపల ఉన్నవాడి పేరున కూడా రావాలి. మూడు నెలల గడువు ఉండాలి. తెల్లారితే వాన అన్నంత ప్రమాదముంటే ఆ రాత్రే ఖాళీ చేయించి, ఎక్కడో ఒకచోట మంచం చూపించాలి. అడ్వాన్సు చేతిలో పెట్టాకే తాళం. వాచ్‌మన్ కుటుంబాలకు కూడా ఇదే వర్తించాలి. నాలుగు బస్తాల సిమెంటు పక్కన పిల్లల్ని పడుకోబెట్టే ఆ తల్లి ఏ సర్వేలోనూ కిరాయిదారు కాదు, ఓనరూ కాదు.

యూనివర్సిటీ పెద్దలకు ఒకటే మాట: హాస్టళ్లు పెంచండి. మిగతాది మీకు తెలుసు.

ఓనర్ అన్నలూ, ఓనరమ్మలూ! మేం మీ మీద యుద్ధానికి రాలేదు. మీ పెన్షన్ ఎంతో, మీ మందుల ఖర్చెంతో మాకు తెలుసు, మీ వరండాలోనే కూర్చుని విన్నాం. ఇవాళ మీరు నిద్రలేని రాత్రులు గడిపేది కూడా ఈ దొంగచాటు వల్లనే. ఎవరో ఒక కాగితం రాసి పడేస్తే చాలని భయం. తలుపు మీద లైసెన్సు ఉంటే ఆ భయం ఉండదు, అగ్రిమెంటు రాసివ్వడానికి చెయ్యి వణకదు. కిరాయి కూడా న్యాయంగా అడగొచ్చు. మీరు మాతో వస్తే ఈ పని తొందరగా అవుతుంది.

కింద ఉన్న తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! చట్టం వచ్చేదాకా ప్రాణాలతో ఉండాలి కదా. ఈ రాత్రే మెయిన్ స్విచ్ ఎక్కడుందో ఓనరును అడిగి చూడండి, చీకట్లో చెయ్యి పెట్టి వెతుక్కునేటట్టు గుర్తుపెట్టుకోండి. గేటుకు రాత్రి తాళం వేస్తే ఒక తాళంచెవి మీ దగ్గర ఉండాలి, ఇందులో మొహమాటం వద్దు. స్కూటర్ బ్యాటరీ అర్రలో చార్జింగ్ పెట్టకండి. సర్టిఫికెట్లు మంచం కింద కాదు, అటక మీద పెట్టండి. బాత్రూమ్‌లో నీళ్లు పైకొస్తున్నాయంటే సామాన్ల కోసం ఆగొద్దు, మెట్లెక్కెయ్యండి. నిప్పుకు 101, అంబులెన్సుకు 108, ఏదీ గుర్తు రాకపోతే 112.

ఈ కాగితం వెనకవైపు ఖాళీగా వదిలాం. అక్కడ మీ అర్ర పొడవు, వెడల్పు, ఎత్తు రాయండి. కిటికీ ఉందో లేదో, ఉంటే ఎటువైపో, ఎంతమంది ఉంటారో, కిరాయి ఎంతో రాయండి. ఇంటి నంబరు రాయకండి. మీ పేరు రాయకండి. గల్లీ పేరు చాలు. రెండు గల్లీల అవతల ఛాయ్ దుకాణంలో ఇచ్చినా మాకు చేరుతుంది. మన లెక్క మనమే తీసుకుని ముందు పెడితే, ‘అక్కడ బండ్లే ఉన్నాయి’ అని ఎవరూ అనలేరు.

వచ్చే సోమవారం పొద్దున తొమ్మిదిన్నరకు మెట్టుగూడ మెట్రో స్టేషన్ మెట్ల కింద కలుద్దాం. అక్కణ్నుంచి సికింద్రాబాద్ జోనల్ కార్యాలయం ప్రజావాణికి పోయి, ఈ కాగితాలన్నీ కట్టగట్టి అర్జీతో పాటు ఇచ్చి, రసీదు తీసుకుని వద్దాం. క్లాసు ఉన్నవాళ్లు క్లాసుకు పోండి, మీ కాగితం పంపండి. డ్యూటీ లేనివాళ్లు రండి. టేపు ఉన్నవాళ్లు టేపు తెండి, కొలత రానివాళ్లకు మనమే కొలిచి పెడదాం.

– మెట్టుగూడ, తార్నాక గల్లీల సెల్లార్ కిరాయిదారులం